ముతుబ: ఒక వృక్షనామము, దాని అర్థములు, వ్యవహారము

చెట్ల పేళ్ళు భాషలోని మిగిలిన పదములకంటె స్థిరమైనవని సామాన్యముగా తలంతురు. చెట్టు మాఱదు గనుక దాని పేరునకు అర్థము మాఱవలసిన పనిలేదని ఆ తలంపునకు ఆధారము. కాని పదచరిత్ర తఱచుగా ఇందుకు విరుద్ధమైన సాక్ష్యమునే ఇచ్చుచున్నది. 'వంశము' అను శబ్దమునకు సంస్కృతమున వెదురు అనియు అర్థము కలదు. నేడు 'ఆయనది గొప్ప వంశము' అను తెలుగువానికి వెదురు స్ఫురింపదు. వేదశాఖలను గూర్చి మాటలాడునప్పుడు చెట్టుకొమ్మయు మనసునకు రాదు. ఆఫ్రికా ఖండమున ఉగాండా దేశమందు వ్యవహారములో నున్న లుగాండా భాషలో 'ముతుబ' అను వృక్షనామమునకు ఇట్టి చరిత్రయే కలదు. ఈ పదము ఇంగ్లీషులోనికి అన్యదేశ్యముగా చేరినది. చేరునప్పుడు తన అర్థములలో ఒక్కదానిని మాత్రమే వెంటగొనిపోయినది. విడిచిపోయిన అర్థము లెట్టివో, విదేశపదములను తెలుగు చేయువారు ఈ చరిత్రవలన గ్రహింపదగిన దేమో ఈ వ్యాసమున పరిశీలింపదలచితిమి.

ముందుగా భాషను గూర్చి కొంత చెప్పవలసి యున్నది. విక్టోరియా సరస్సునకు ఉత్తర పశ్చిమతీరములందు వ్యాపించిన బుగాండా రాజ్యపు భాష లుగాండా. ఇది బాంటూ భాషాకుటుంబమునకు చెందినది. తెలుగున నామమునకు వచనభేదము చివర తెలియును. బాంటూ భాషలలో మొదట తెలియును. 'గాండ' అను ప్రాతిపదికకు ముందు చేరు ఉపసర్గనుబట్టి ముగాండ అనగా ఆ జాతి మనిషి, బగాండ అనగా ఆ జనులు, బుగాండ అనగా ఆ దేశము, లుగాండ అనగా ఆ భాష. దేశమునకు 'ఉగాండా' అను పేరు స్వాహిలీ భాషాముఖమున వచ్చినది. నామములన్నియు ఇట్లు వర్గములుగా ఏర్పడి యుండును. చెట్ల పేళ్ళలో పెక్కు 'ము' మొదలుగా గల వర్గమునకు చెందినవి. బహువచనమున 'ము' స్థానమున 'మి' వచ్చును. నామమునకు ముందు ఒక అచ్చు చేరుటయు కలదు. కావున ఒక చెట్టు 'ఒముతుబ', పెక్కు చెట్లు 'ఎమితుబ'. ఒమువులె, ఒముసిజి మొదలగు వృక్షనామములును ఇట్టివే.

ఇంగ్లీషువారు ఈ పదమును గ్రహించునప్పుడు మొదటి అచ్చును విడిచిరి. 'ము' అనునది ఉపసర్గ యని గమనింపక ప్రాతిపదికలోనే కలిపివైచిరి. బహువచనమున తమ ప్రత్యయమునే చివర చేర్చుకొనిరి. ఇది తప్పని మేము చెప్పుట లేదు. 'రైలు'నకు 'రైళ్ళు' అని మనము చేసినదియు ఇదియే. ఎరువు తెచ్చుకొన్న పదము తెచ్చుకొన్నవారి వ్యాకరణమునకు లొంగియుండుట లోకసహజము. ముసిజి యను చెట్టుపేరు కలపవ్యాపారమున ఇట్లే స్థిరపడినది. రూపమునకు కలిగిన ఈ మార్పు చిన్నది. అర్థమునకు కలిగిన హాని పెద్దది. దానిని గుర్తించుటకు చెట్టును, దాని పట్టనుండి వచ్చు వస్త్రమును ఎఱుగవలెను.

వృక్షశాస్త్రజ్ఞులు ముతుబను ఫైకస్ నాటలెన్సిస్ అందురు. ఈ శాస్త్రనామము దక్షిణాఫ్రికాలోని నాటల్ ప్రాంతమునుబట్టి వచ్చినది. మన మర్రి, రావి, మేడి, జువ్వి ఈ ఫైకస్ ప్రజాతిలోనివే. గాటు పెట్టినచో పాలు కారుట ఈ చెట్లన్నిటికిని సమానధర్మము. ముతుబకు రెండు గుణములు విశేషముగా చెప్పదగినవి. మొదటిది, బలమైన కొమ్మను నఱికి నేల నాటినచో అది వేరు పట్టి చెట్టగును. రెండవది, ప్రకాండముచుట్టు ఉన్న పట్టను నేర్పుతో ఒలిచి, ఒలిచిన భాగమును అరటియాకులతో కప్పి కాపాడినచో చెట్టు చావక మరల పట్టను పెంచుకొనును. అందువలన ఒకే చెట్టునుండి పెక్కుమాఱులు పట్ట తీయవచ్చును. బగాండ జనులు దీనిని ఇంటిచుట్టునుండు అరటితోటలలో పెంచుచు వచ్చిరి. కాఫీతోటలకు నీడకై నాటుటయు కలదు. ముతుబ అడవిలో వెదకి తెచ్చుకొను చెట్టు కాదు, పెరటిచెట్టు. ఈ విషయము ముందు చెప్పబోవు వాదమునకు ముఖ్యమైనది.

వానకాలమున ఒలిచిన లోపట్టను కొయ్యసుత్తులతో చాలసేపు కొట్టుచు పలుచగాను, వెడల్పుగాను సాగదీయుదురు. పట్ట త్వరగా ఎండిపోకుండుటకు పాకనీడనే ఈ పని జరుగును. ఇట్లు కొట్టుటకు 'కుకొమగ' అనియు, కొట్టువానికి 'ముకొమజి' అనియు పేళ్ళు. సిద్ధమైన వస్త్రము కాలిన మట్టిరంగున నుండును. రాజులకును అధికారులకును తెలుపు, నలుపు రంగులు వేయుదురు. ఇది నేత పుట్టుటకు పూర్వపు విద్య. రాజకుటుంబమునకు ఈ వస్త్రమును సమకూర్చు పని న్గొంగె, అనగా నీటికుక్క చిహ్నముగా గల, వంశమువారిది. వారి ప్రధానశిల్పికి కబొగ్గొజ అని బిరుదు. ఆ వంశమునకు చెందిన వమల అను వేటగాడు ఈ విద్యను మొదట కనిపెట్టెనని ఐతిహ్యము. పదునెనిమిదవ శతాబ్దాంతమున సెమకొకిరొ అను రాజు ప్రజలందఱు ముతుబ పెంచవలెనని శాసించెనని కూడ ఐతిహ్యము కలదు. ఇట్టి ఐతిహ్యములను యథాతథముగా చరిత్ర యనలేము. అయినను చెట్టు నాటుట రాజశాసనమునకు విషయమైనదను స్మృతియే ఆ చెట్టునకు గల గౌరవమును తెలుపుచున్నది.

వస్త్రమునకు పేరు 'లుబుగో', బహువచనమున 'ఎంబుగో'. ఇంగ్లీషు యాత్రాగ్రంథములలో వస్త్రనామము తొలినాళ్ళనుండియు కనిపించును. 1862లో బుగాండా రాజసభను దర్శించిన స్పీక్ తన గ్రంథమున దీనిని 'ంబుగు' అను రూపమున ప్రయోగించెను. పందొమ్మిదవ శతాబ్దమున అరబ్బు వర్తకులు నూలుబట్టను తెచ్చినది మొదలు పట్టవస్త్రపు వాడుక క్రమముగా తగ్గి, పట్టాభిషేకములకును అంత్యక్రియలకును ఇతర ఆచారములకును పరిమితమైనది. 2005లో యునెస్కో ఈ విద్యను మానవజాతి మౌఖిక, అమూర్త వారసత్వపు ఉత్తమకృతులలో ఒకటిగా ప్రకటించినది; 2008లో అమూర్త సాంస్కృతిక వారసత్వపు జాబితాలో చేర్చినది.

వస్త్రము తగ్గినను పదము తగ్గలేదు. మృతదేహమును లుబుగోలో చుట్టి పూడ్చుట బగాండ జనుల ఆచారము. అందుకై బంధుమిత్రులు వస్త్రములు తెచ్చి యిచ్చుచుండిరి. తరువాత వస్త్రమునకు బదులు ధనము వచ్చినది. దానిని నేటికిని 'అమబుగో' యనుచున్నారు. ప్రాతిపదిక అదియే, ఉపసర్గ మాత్రము మాఱినది, పట్టవస్త్రము పరామర్శధనమైనది. కర్మాంతరమున బంధువులకు బట్టలు పెట్టు ఆచారమెఱిగిన తెలుగువారికి ఈ పరిణామము వింతగా తోపదు.

ఇచ్చట అనువాదకునకు ఒక చిక్కు కలదు. లుబుగోను తెలుగు చేయవలసి వచ్చినప్పుడు 'వల్కలము', 'నారచీర' అను మాటలు వెంటనే నోటికి వచ్చును. వస్తువునుబట్టి ఆ మాటలు తగినవే. కాని మన సాహిత్యమున నారచీర వైరాగ్యమునకును వనవాసమునకును గుర్తు. రాజ్యము విడిచినవాడు దానిని కట్టును. బుగాండాలో రాజ్యమునకు వచ్చినవాడు పట్టవస్త్రమును ధరించును. 'రాజు నారచీర ధరించెను' అని వ్రాసినచో తెలుగుపాఠకుడు సింహాసనమెక్కినవానిని అడవికి పంపును. ఇంకొక విశేషము. కంపాలాలోని కసుబి యందు రాజసమాధులు గల మందిరమున లోపలిభాగమును పట్టవస్త్రపు తెర వేరుచేయుచున్నది. ఆ లోపలిభాగమునకు 'కిబిర', అనగా అడవి, అని పేరు. రాజు మరణింపడనియు, అడవిలోనికి అదృశ్యమగుననియు వారి విశ్వాసము. పట్టవస్త్రము, అడవి, రాజు అను మూడును ఇక్కడనుకూడ కలిసియే యున్నవి. తాత్పర్యము మాత్రము వేఱు. ఆ మందిరము 2010లో అగ్నికి ఆహుతియై పునర్నిర్మింపబడినది. వస్తుసామ్యమునుబట్టి అర్థసామ్యమును ఊహింపరాదనుటకు ఇంతకంటె తగిన ఉదాహరణము దొరకదు.

ఇక ముతుబ పదమునకు గల రెండవ అర్థము. బగాండ సమాజము యాభైకి పైబడిన వంశములుగా ఏర్పడియున్నది. వంశమునకు 'ఎకిక' అని పేరు. వంశాధిపతిని 'అకసొల్య'కు చెందినవాడందురు. అకసొల్య యనగా ఇంటికప్పు. వంశపు పెద్దవిభాగము 'ఎస్సిగ', అనగా పొయ్యిరాయి. ఎస్సిగయందలి విభాగము 'ముతుబ'. ముతుబయందలి విభాగము 'లున్యిరిరి', అనగా వరుస. దానికి దిగువ ముంగిలి, ఇల్లు అను అర్థములు గల పేళ్ళు వచ్చును. కావున ఒకడు తన ముతుబను చెప్పినచో అది చెట్టును గూర్చిన మాట కాదు. తన తాతముత్తాతలను గూర్చిన మాట. పొయ్యిరాయి వంశవిభాగమున కెట్లు పేరైనదని మనము ఆశ్చర్యపడ నక్కఱలేదు. అన్నదమ్ములు వేరుపడినప్పుడు 'వేరు కుంపటి పెట్టినారు' అని మనమును అనుచున్నాము. కాని చెట్టు ఎట్లు పేరైనది? చెట్టుతో పోల్చినప్పుడు విభాగమునకు 'కొమ్మ' యను పేరు రావలెను గదా. మనము వంశమును వృక్షమనియు, దాని విభాగమును శాఖ యనియు అందుము. బగాండ జనులు విభాగమునే సంపూర్ణవృక్షమనిరి.

ఊరిపెద్దలు కూడుకొను చెట్టునుబట్టి ఈ పేరు వచ్చియుండునని ఒకరు అనవచ్చును. మన రచ్చచెట్టు ఇందుకు ఉపమానమగును. ఈ సమాధానము మాకు తృప్తికరముగా లేదు. సభచెట్టు నుండియే పేరు వచ్చినచో అది వంశమున కంతటికిని రావలెను గాని నడుమనున్న ఒక మెట్టునకు రాదు. మఱియు ఈ పేళ్ళవరుసలో కప్పు, పొయ్యిరాయి, ముంగిలి, ఇల్లు అన్నియు గృహసంబంధమైనవే. వీని నడుమ నిలిచిన చెట్టును ఊరుమ్మడి చెట్టు కాక పెరటిచెట్టే కావలెను. పెరటిలో నాటబడిన ముతుబకు ఆ నేలపై కాపురమున్నవాని హక్కునకు సాక్ష్యమగు శక్తి కలదు. ఒకచోట స్థిరపడి నేలను తనదిగా చేసికొన్న కుటుంబము క్రమముగా వంశవిభాగమగుట సహజము.

దీనికి పైన చెప్పిన వృక్షధర్మమునుకూడ చేర్చి చూడవలెను. ముతుబకొమ్మను నఱికి వేఱొకచోట నాటినచో అది కొమ్మగా నుండక చెట్టగును. అయినను అది తల్లిచెట్టు జాతియే, దాని పట్ట అట్టి వస్త్రమునే యిచ్చును. వంశమునుండి విడివడి క్రొత్తనేలపై స్థిరపడిన శాఖయు అట్టిదే. అది తనంత తాను సంపూర్ణమైనది, మూలము నెఱిగినది. కొమ్మ యని చెప్పినచో ఈ స్వాతంత్ర్యము తెలియదు. చెట్టని చెప్పినచో తెలియును. ఇది మా ఊహ యని స్పష్టముగా చెప్పుచున్నాము. అయినను చెట్టుగుణము, పెంపకము, పేళ్ళవరుస మూడును ఒక్కదారినే చూపుచున్నందున ఈ ఊహకు బలము కలదని తలంచుచున్నాము. తెలుగున రావి, మర్రి, చింత మొదలగునవి ఇంటిపేళ్ళుగా నున్నవి. రావిపాడు, మేడిపల్లి వంటి ఊరిపేళ్ళును కలవు. అవి ఒక్కొక్క కుటుంబమునకో, ఊరికో వచ్చిన సంజ్ఞలు. ముతుబ అట్టిది కాదు. ఏ వంశమందైనను ఆ మెట్టున నున్న విభాగమునకెల్ల వచ్చు జాతివాచకము.

మూడవ అర్థము అధికారపదవి. బుగాండా పరిపాలనలో 'సాజ' పెద్దవిభాగము, దాని దిగువది 'గొంబొలొల'. గొంబొలొల అధికారులకు వరుసనుబట్టి ముమ్యుక, సబద్దు, సబగబొ, సబవాలి, ముసాలె అను బిరుదులు వచ్చును. పిమ్మటివారందఱు మొదటి ముతుబ, రెండవ ముతుబ, మూడవ ముతుబ అని సంఖ్యతో పిలువబడుదురు. నేలను, వంశమును గుర్తుచేసిన పేరు ఇచ్చట కేవలము వరుసస్థానమును తెలుపు మాటగా మిగిలినది. చెట్టు, చెట్టునుండి వంశము, తుదకు పదవి: అర్థము క్రమముగా నేలను విడిచి కాగితముపైకి వచ్చినది.

ఇంగ్లీషులో అన్యదేశ్యముగా స్థిరపడినప్పుడు ఈ పదము పట్టవస్త్రమిచ్చు ఒక అత్తిజాతి చెట్టు అను అర్థమున మాత్రమే నిలిచినది. తక్కిన రెండర్థములు సమాజశాస్త్రజ్ఞుల గ్రంథములలో లుగాండా పదములుగనే యుండిపోయినవి. బుగాండా చరిత్రమున వంశము, నేల, పదవి అను మూడును పెనవేసికొనియున్నవి. అపొలొ కగ్వ 1901లో ప్రకటించిన రాజచరిత్ర మొదలుకొని, రాస్కో 1911లో వెలువరించిన బగాండ జనచరిత్ర మొదలగు గ్రంథములను చదువువారు వంశవిభాగములను గుర్తెఱుగనిచో కథాక్రమమే వారికి తెలియదు. ముతుబ యన్నచోటనెల్ల చెట్టునే చూచినవాడు నేలపై హక్కు చెప్పుకొనుచున్న మనుష్యులను చూడలేడు.

కావున తెలుగున నిఘంటువులు, విజ్ఞానసర్వస్వములు కూర్చువారికి మా మనవి యిది. ముతుబను మర్రి యనియో మేడి యనియో తెలుగు చేయరాదు. బంధుత్వము వేఱు, ఏకత్వము వేఱు. పదమును 'ముతుబ' గనే గ్రహించి, ఏకవచన బహువచన రూపములను సూచించి, మూడర్థములను క్రమముగా చూపవలెను. వస్త్రమును 'పట్టవస్త్రము' అని చెప్పి, నారచీరతో దానికి గల భేదమును వివరింపవలెను. పరభాషాపదమును తెచ్చుకొనుట సులభము. దానితోకూడ అది పెరిగిన నేలను కొంతయైనను తెచ్చుకొన్నప్పుడే అది మన భాషలో వేరు పట్టును.