ఆస్ట్రకోడెర్ములు

ఆస్ట్రకోడెర్ములు దవడలు లేని, ఎముక కవచం గల ప్రాచీన చేపలు. గ్రీకు భాషలో ఆస్ట్రకాన్ అనగా పెంకు, డెర్మా అనగా చర్మం. ఇవి ఆర్డోవిషియన్ యుగపు సముద్రాలలో ఆవిర్భవించి, సుమారు 36 కోట్ల సంవత్సరాల క్రితం, డెవోనియన్ యుగాంతానికి అంతరించాయి.

లక్షణాలు

తలను, మొండెం ముందు భాగాన్ని ఎముక ఫలకాలు కప్పి ఉండేవి. అధికభాగం 30 సెంటీమీటర్లకు మించవు. దవడలు లేనందున కొరకలేక, నీటిలోని, అడుగు బురదలోని సూక్ష్మ ఆహారాన్ని గ్రహించేవని భావిస్తారు.

పరిశోధన

1835లో లూయీ అగాసిజ్ సెఫలాస్పిస్‌ను వర్ణించాడు. 1927లో ఎరిక్ స్టెన్షియో స్పిట్స్‌బెర్గెన్ శిలాజాల ఆధారంగా వీటి మెదడు, నాడుల నిర్మాణాన్ని వివరించాడు.

పరిణామంలో స్థానం

ఆస్ట్రకోడెర్ములు ఒకే సహజ సమూహం కాదు. వీటిలోని ఆస్టియోస్ట్రకాన్లు, నేటికీ జీవించి ఉన్న దవడలు లేని లాంప్రేల కంటే దవడలు గల సకశేరుకాలకే దగ్గరి బంధువులు. మానవుని నుదుటి ఎముక వంటి చర్మజ అస్థులు తొలుత ఇటువంటి కవచాలలోనే కనిపిస్తాయి.

తెలంగాణలో చేపల శిలాజాలు

చేపల శిలాజాలు అవక్షేప శిలలలో లభిస్తాయి. జహనుమాతో సహా హైదరాబాదు ప్రాంతపు నేల సుమారు 250 కోట్ల సంవత్సరాల నాటి గ్రానైటు, ఇందులో శిలాజాలుండవు. ప్రాణహిత-గోదావరి లోయలోని కోట శిలాసముదాయంలో లెపిడోటెస్ వంటి చేపలు లభించాయి. అవి దవడలు గల జురాసిక్ చేపలు. అప్పటికి ఆస్ట్రకోడెర్ములు అంతరించి 15 కోట్ల సంవత్సరాలు దాటింది.