తెరకు యివతలా అవతలా

మా యిల్లు పన్నెండడుగుల పొడవు, పదడుగుల వెడల్పు. అందులో నేనూ, పోటీపరీక్షలకు చదువుతున్న మా తమ్ముడూ వుంటాం. ఒక మూల వంటగట్టు, ఒక మంచం, ఒక చాప, మధ్య తెరగా కట్టిన అమ్మ పాతచీర. యిది కాక మరొక తెర కూడా వుంది. తమ్ముడు చంకన పెట్టుకు తిరిగే ట్యాబ్. వాడి పాఠాలూ, నేను చూసే సినిమాలూ, ఊళ్ళో వున్న అమ్మ ముఖమూ అన్నీ అందులోనే. యింటివాడు యీ గదిని అద్దెకిస్తూ "మినిమలిస్టు యిల్లండీ" అన్నాడు. కుర్చీ వేసుకునే చోటు లేకపోవటానికి యింత అందమైన పేరున్నదని నాకు అంతవరకు తెలియదు.

యీ అందమైన పేరు వెనక వేరొక మాట వుండేది. 1929లో ఆధునిక వాస్తుశిల్పుల అంతర్జాతీయ మహాసభ ఫ్రాంక్‌ఫర్ట్‌లో సమావేశమై "కనీస జీవనానికి నివాసం" అన్న విషయాన్ని చర్చించింది. శ్రామిక కుటుంబానికి వెలుతురూ, గాలీ, చోటూ ఎంతకు తగ్గితే వొప్పుకోరాదు అన్నది ప్రశ్న. "కనీసం" అన్న మాటలో హక్కు వుంది. నూరు కుర్చీలు కొనగలవాడు ఒక్కటే వుంచుకోవటం అభిరుచి మాత్రమే. రెంటినీ కలగాపులగం చేసి మనకు అద్దెకిస్తున్నారు.

ఆ నగరంలోనే ఎర్న్‌స్ట్ మై ఆధ్వర్యాన 1925-30 మధ్య వేలాది యిళ్ళు లేచాయి. వాటికోసం మార్గరెటె షూట్టె-లిహోట్‌స్కీ 1926లో రూపొందించిన వంటగది సుమారు 1.9 మీటర్ల వెడల్పు, 3.4 మీటర్ల పొడవు. ఆడవాళ్ళు వేసే అడుగులు లెక్కగట్టి, వారి చాకిరీ తగ్గించాలని గీసిన ప్లాను అది. (ఆమె తరువాత ఆస్ట్రియన్ కమ్యూనిస్టుగా 1941 నుంచి 1945 దాకా నాజీల చెరలో వున్నది. ఆ వంటగదిని మెచ్చుకునేవారు దీన్నీ గుర్తుంచుకోవాలి.) అయితే ఆ యిళ్ళ అద్దెలు చాలామంది కూలీలకు అందలేదు. యిళ్ళ కొరత పెట్టుబడిదారీ వ్యవస్థతో ముడిపడి వున్నదనీ, దాన్ని విడిగా పరిష్కరించలేమనీ ఎంగెల్స్ 1872లోనే వాదించాడు. పైగా ఆ వంటగదిలో ఒక్కతే నిలబడగలదు. చాకిరీ తగ్గిందేమో గాని, తోడు పోయింది.

మాస్కోలో గింజ్‌బర్గ్, మిలినిస్‌లు 1928లో మొదలుపెట్టిన నార్కొంఫిన్ భవనం సరిగ్గా యీ తోడు సంగతే ఆలోచించింది. చాలా వాటాలు 40 చదరపు మీటర్లకు లోపే. కాని బయట ఉమ్మడి వంటశాల, భోజనశాల, బట్టలుతుక్కునే శాల. అంటే యింట్లో సగం గోడల లోపల, సగం గోడల బయట. 1930లలో ప్రభుత్వ విధానం మారింది, ఉమ్మడి సగం పాడుపడింది. అది ఎందుకు జరిగిందో మనం మొగమాటం లేకుండా చర్చించవలసే వుంది. 2020లో ఆ భవనాన్ని బాగుచేయటం పూర్తయింది, వాటాలు ఖరీదైన ఆస్తులుగా అమ్ముడుపోయాయి.

మా గదికి ఆ రెండో సగం ఏనాడూ లేదు. దానికి బదులు ట్యాబ్ వుంది. మా పేటలో లేని గ్రంథాలయమూ, చదువుగదీ అదే. తెర చెడ్డదని నేననను. కోచింగుకు డబ్బులేని మా తమ్ముడు దానివల్లనే చదవగలుగుతున్నాడు. కాని చీర అడ్డమున్నా పిలిస్తే పలికేవాడు, చెవుల్లో తీగలు పెట్టుకున్నాక రెండడుగుల దూరాన వుండీ పలకడు. గది ఒకటే, చోట్లు రెండయ్యాయి. లైటు మాత్రం ఒక్కటే.

నిన్న రాత్రి నేను పిల్లల పరీక్ష పేపర్లు దిద్దుతుంటే, "అక్కా, లైటు తీసెయ్యవూ? తెరమీద అక్షరాలు కనపడటం లేదు" అన్నాడు. "నా పేపర్లెవరు దిద్దుతార్రా?" అని కసిరాను. వాడు మారుమాట్లాడక ట్యాబ్ మూసి, గోడవైపు తిరిగి పడుకున్నాడు. వాడి పరీక్ష యింక పది రోజులే. నేను కట్ట పట్టుకుని మెట్లమీదికి పోయాను. కింది వాటా పిల్లవాడొకడు అప్పటికే ఆ బల్బు కింద పుస్తకం తెరుచుకు కూర్చున్నాడు. నన్ను చూసి కొంచెం పక్కకు జరిగాడు.