కాగితపు పూలు – మన ఇళ్ళ చరిత్ర



కాగితపు పువ్వుకు వాసన ఉండదని అందరూ అనే మాటే. నిజమే. కాని దానికి చరిత్ర ఉంది. ఆ చరిత్రలో మన సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ ఇళ్ళకూ, ముఖ్యంగా మన ఆడవాళ్ళ చేతులకూ పాలు ఉంది.

ముందుగా కాగితం సంగతి. క్రీ.శ. 105లో చైనా ఆస్థానంలోని ఛాయ్‌లున్ అనే అధికారి చెట్టుబెరడు, జనుము, చింకిగుడ్డలు, పాత వలలతో కాగితం చేసి చక్రవర్తికి చూపించాడని చరిత్ర చెబుతున్నది. 751లో తలాస్ నది దగ్గర అరబ్బులకూ చైనా వారికీ యుద్ధం జరిగింది. అక్కడ పట్టుబడ్డ పనివారి ద్వారా ఈ విద్య సమర్కందుకు చేరిందంటారు. ఆ శతాబ్దం ముగియకముందే బాగ్దాదులో కాగితం తయారైంది. మనం తెలుగులో ‘కాగితం’ అంటున్నది ‘కాగజ్’ అన్న మాటనే. చేతి కాగితానికి పేరుపడ్డ కాగ్జీపురా ఔరంగాబాదు దగ్గరిది; 1956 దాకా అది మన హైదరాబాదు రాష్ట్రంలోని ఊరే. 1938లో సిర్పూరు కాగితపు మిల్లు ఏర్పడి, ఊరికే కాగజ్‌నగర్ అన్న పేరు తెచ్చింది.

కాగితం పుట్టింది రాతకోసమే అనుకోవద్దు. 1907లో ఆరెల్ స్టెయిన్ తున్‌హువాంగ్ గుహలనుండి తీసుకుపోయిన వస్తువుల్లో రంగు కాగితాన్ని కత్తిరించి చేసిన పూలున్నాయి. వెయ్యేళ్ళు దాటిన ఆ పూలు లండన్‌లోని బ్రిటిష్ మ్యూజియంలో భద్రంగా ఉన్నాయి. తుర్కీలో బుర్సా పట్టణపు ఫఖ్రీ అనే కళాకారుడు, సుమారు 400 ఏళ్ళ క్రిందట, కత్తిరించిన కాగితంతోనే పూలతోటలు నిలబెట్టి పేరుపొందాడు.

ఇక మన ఇళ్ళకు వద్దాం. పెండ్లికొడుకు సెహ్రాకు, పందిరికి, మీలాద్ జండీలకు, ఝాలర్లకు, ఊరి హిందువులూ మనమూ కలిసి చేసుకునే పీర్ల పండుగకు రంగు కాగితమే సింగారం. మల్లెలు దొరకని కాలంలోనూ, కొనే స్తోమత లేని ఇంట్లోనూ ఆ పూలే ఆదుకున్నాయి.

పని చూడటానికి సులువు. పలచని రంగు కాగితాన్ని చదరంగా కోసి, నాలుగు పొరలుగా మడిచి, మళ్ళీ మూలకు మూల కలిపి మడవాలి. వెడల్పు అంచును గుండ్రంగా కత్తిరించి విప్పితే ఎనిమిది రెక్కల పువ్వు. అటువంటివి మూడు కొంచెం తిప్పి పేర్చి, నడుమ సన్నతీగ గుచ్చాలి. గులాబీకి ముడతల కాగితం కావాలి. ముడత నిలువుగా ఉంచి రెక్క కోసి, నడుమ బొటనవేళ్ళతో సాగదీస్తే గిన్నెలాగా వంగుతుంది. అతకడానికి మైదా లై. పురుగు పట్టకుండా చిటికెడు మైలుతుత్తం.

మా వాడలో ఒక ఖాలా ఉండేది. భర్త పోయినాక గడప దాటకుండా ఈ పనితోనే పిల్లలను చదివించింది. పెండ్లివారు పూలు లెక్కపెట్టి పైసలిచ్చేవారు. కొన్నాళ్ళకు బజారులోకి ప్లాస్టిక్ పూలు వచ్చినయి. “ఈసారి వద్దు ఖాలా, కడిగి మళ్ళీ వాడుకునేవి దొరుకుతున్నాయి” అన్నారు. ఆమె ఎవరినీ ఏమీ అనలేదు. కత్తెర పెట్టెలో పెట్టేసింది. ఫఖ్రీ పేరు గ్రంథాల్లో ఉంది. మా ఖాలా పేరు ఏ పుస్తకంలోనూ ఎక్కలేదు. అటువంటి తల్లులు మన మూడు ఊళ్ళలోనూ ఎందరో.

ఇప్పుడు కాలం ఒక అవకాశం ఇచ్చింది. 2022 జూలై 1 నుండి దేశమంతటా అలంకరణకు వాడే థర్మాకోల్‌ను, ప్లాస్టిక్ జండాలను ప్రభుత్వం నిషేధించింది. ఆ ఖాళీని నింపగలిగింది కాగితమే. నేర్పగల చేతులు ఇంకా కొన్ని మిగిలి ఉన్నాయి, కాని అవి వణుకుతున్న చేతులు.

2016 అక్టోబరు 11న సూర్యాపేట, కోదాడ కొత్త జిల్లాలోకి పోయినయి, మిర్యాలగూడ నల్లగొండలోనే ఉంది. జిల్లాలు వేరైనా మన సంబంధాలు, పెండ్లిళ్ళు ఒకటే. కనుక నా మనవి ఒక్కటే. వచ్చే వార్షికోత్సవ వేదికను మన తల్లుల కాగితపు పూలతోనే అలంకరిద్దాం, వారి కష్టానికి తగిన కూలి ఇద్దాం. పక్కన మన అమ్మాయిలను కూర్చోబెట్టి నేర్పిద్దాం. ఎవరి చేతి పువ్వు ఏదో, వారి పేరు వ్రాసి పెడదాం. ఆ మాత్రం చరిత్ర మనమే వ్రాసుకోవాలి.