‘స్వాధీనం’ ఎవరిది? హైదరాబాద్ పట్టణ మిగులు భూముల క్రమబద్ధీకరణ వివాదాలు

ఉపోద్ఘాతం

తెలంగాణ పహాణీలలో ‘కబ్జాదారు’ అనే గడి ఉండేది. భూమి ఎవరి అనుభవంలో ఉన్నదో నమోదు చేయడమే దాని పని. అందులో నింద ఏదీ లేదు. కాలక్రమంలో జనవ్యవహారంలో ‘కబ్జా’ దురాక్రమణకు పర్యాయపదమైంది. హైదరాబాద్ మిగులు భూములపై నడిచిన వ్యాజ్యాలు తుదకు ఆ పాత అర్థం దగ్గరికే వచ్చి చేరాయి. భూమి ఎవరిదన్న ప్రశ్న వెనుకకు పోయి, వాస్తవంగా ఎవరి స్వాధీనంలో ఉన్నదన్న ప్రశ్న ముందుకు వచ్చింది.

చట్టం, దాని అంచెలు

పట్టణ భూ గరిష్ఠ పరిమితి, నియంత్రణ చట్టం 1976 ఫిబ్రవరి 17న అమలులోకి వచ్చింది. భూమి రాష్ట్రాల అధికార పరిధిలోని విషయం కనుక, రాజ్యాంగం 252వ అధికరణం ననుసరించి రాష్ట్రాలు తీర్మానం చేసిన మీదటనే పార్లమెంటు ఈ శాసనం చేయగలిగింది. ఆంధ్రప్రదేశ్ ఉభయసభలు 1972 ఏప్రిల్‌లోనే ఆ తీర్మానం చేశాయి. అయినప్పటికీ చట్టం ఈ రాష్ట్రానికి చెల్లదని హైకోర్టు తీర్పునిచ్చింది. వల్లూరి బసవయ్య చౌదరి కేసులో సుప్రీంకోర్టు 1979లో ఆ తీర్పును కొట్టివేసింది.

హైదరాబాద్‌ను ‘బి’ తరగతిలో చేర్చి, 1,000 చదరపు మీటర్లను, అనగా సుమారు 1,196 గజాలను, పరిమితిగా నిర్ణయించారు. ఆదాయం లేని ఖాళీ స్థలానికి చదరపు మీటరుకు గరిష్ఠంగా 10 రూపాయలు, మొత్తం మీద 2 లక్షలకు మించకుండా పరిహారం. ఇంత స్వల్ప పరిహారానికి భూస్వాములు ఇష్టపూర్వకంగా భూమి వదులుకొంటారని శాసనకర్తలు నమ్మి ఉంటారనుకోవడం కష్టం.

వివాదాలకు మూలం 10వ సెక్షనులో ఉంది. మొదటి ఉపసెక్షను కింద మిగులు భూమిని ప్రకటిస్తారు. మూడవ ఉపసెక్షను కింద వెలువడే ప్రకటనతో అది ప్రభుత్వానికి దఖలుపడినట్లు భావించబడుతుంది. అయిదవ దాని కింద, 30 రోజులలో భూమిని అప్పగించమని నోటీసు ఇవ్వాలి. అప్పగించనిచో ఆరవ దాని కింద బలవంతంగానైనా స్వాధీనపరచుకోవచ్చు. మొదటి రెండు అంచెలు కార్యాలయంలో కాగితం మీద పూర్తయ్యేవి. చివరి రెండింటికి మాత్రం సిబ్బంది పొలం గట్టు దాకా పోవలసి ఉండేది. న్యాయస్థానాలకెక్కిన అనేక వ్యాజ్యాలలో తగవు ఈ చివరి అంచెల గురించే. పంచనామా ఉన్నది, స్వాధీనం ఉన్నదా?

కొనుగోలుదారుల స్థితి

ఈలోగా నగరం పెరిగింది. శివారు భూములను డిక్లరెంట్లు, వారి జీపీఏ హోల్డర్లు గజాల లెక్కన విడగొట్టి, నోటరీ కాగితాల మీద, సాదా ఒప్పందాల మీద అమ్మారు. మొదటి ఉపసెక్షను ప్రకటన తరువాత జరిగిన బదిలీలు చెల్లవని నాలుగవ ఉపసెక్షను స్పష్టంగా చెబుతున్నది. అయితే ఆ ప్రకటన రాజపత్రంలో వెలువడేది. 200 గజాలు కొన్న చిరుద్యోగి చేతిలో రాజపత్రం ఉండదు. ఇల్లు కట్టుకొని, కరెంటు మీటరు బిగించుకొని, ఇంటి పన్ను కడుతున్న కుటుంబం చట్టం దృష్టిలో ఆక్రమణదారు అయింది.

2002 జులై 29న జారీ అయిన 455, 456 నంబరు ప్రభుత్వ ఉత్తర్వులు, రుసుము తీసుకొని ఇటువంటి మిగులు భూములను క్రమబద్ధీకరించే మార్గం తెరిచాయి. ఇందులో ఒక చిక్కున్నది. క్రమబద్ధీకరణ కోరడమంటే భూమి ప్రభుత్వానిదని అంగీకరించడం. అదే సమయంలో, ఆక్రమణలో ఉన్నవారి నుండి దరఖాస్తులు పిలవడమంటే భూమి తన చేతిలో లేదని ప్రభుత్వమే ఒప్పుకోవడం.

రద్దు తరువాత

కేంద్రం 1999లో చేసిన రద్దు చట్టాన్ని ఆంధ్రప్రదేశ్ వెంటనే స్వీకరించలేదు. జవహర్‌లాల్ నెహ్రూ పట్టణ నవీకరణ పథకం నిధులకు ఆ రద్దు ఒక షరతు కావడంతో, 2008 మార్చి 27 నుండి అది రాష్ట్రంలో అమలైంది. రద్దు చట్టం 3వ సెక్షను ప్రకారం, ప్రభుత్వం స్వాధీనపరచుకొన్న భూమి ప్రభుత్వానికే నిలుస్తుంది. స్వాధీనం కాని భూమిపై ప్రభుత్వ హక్కు పోతుంది; పరిహారం చెల్లించి ఉంటే దానిని తిరిగి కట్టిన తరువాతనే భూమి తిరిగి వస్తుంది.

ఉత్తరప్రదేశ్‌కు చెందిన హరిరామ్ కేసులో 2013లో సుప్రీంకోర్టు, మూడవ ఉపసెక్షను వల్ల కలిగేది న్యాయరీత్యా స్వాధీనం మాత్రమేనని, వాస్తవ స్వాధీనానికి తరువాతి నోటీసు, చర్య తప్పనిసరి అని నిర్ణయించింది. డిక్లరెంట్లకు ఇది గొప్ప ఆయుధమైంది. రెండేళ్లు తిరగకముందే, అస్సాంకు చెందిన భాస్కర్ జ్యోతి శర్మ కేసులో అదే న్యాయస్థానం దానికి హద్దు గీసింది. భూమి నిజంగా చేతులు మారినప్పుడు మౌనం వహించి, రద్దు చట్టం వచ్చాక నోటీసు లోపాన్ని ఎత్తిచూపడం చెల్లదన్నది.

ఈ తీర్పులన్నీ ప్రభుత్వానికి, డిక్లరెంటుకు మధ్య తగవును తీర్చేవి. మూడవ పక్షమైన ఇంటివాని ప్రశ్న వేరు. స్వాధీనం జరిగిందని తేలితే అతడు ప్రభుత్వ భూమిలో ఆక్రమణదారు. 2014 డిసెంబరు 30న తెలంగాణ జారీ చేసిన 58, 59 నంబరు ఉత్తర్వుల వంటి దారి అతనికి మిగులుతుంది. వీటిలో మొదటిది, అభ్యంతరం లేని స్థలాలలో పేదలకు 125 గజాల వరకు ఉచితంగా హక్కు కల్పించింది. స్వాధీనం జరగలేదని తేలితే భూమి డిక్లరెంటుకు మళ్లుతుంది. అప్పుడు క్రమబద్ధీకరించడానికి ప్రభుత్వం వద్ద హక్కే ఉండదు. ఒకప్పుడు చెల్లదన్న నోటరీ కాగితం పట్టుకొని, పెరిగిన ధర తెలిసిన వారసులతో అతడు సివిల్ కోర్టులో మళ్లీ మొదలుపెట్టవలసి వస్తుంది.