మోటుపల్లి రాయి చెప్పిన అమానత్

బందర్ అనే ఫార్సీ లఫ్జుకు రేవు అని అర్థం. మన నోట అది మచిలీపట్నానికి మారుపేరై నిలిచిపోయింది. అయితే సముద్రపు తిజారత్ గురించి పిల్లలు అడిగినప్పుడు నేను ముందుగా బాపట్ల జిల్లాలోని మోటుపల్లి గురించి చెబుతాను. ఇవాళ అదొక పల్లె. 13వ శతాబ్దంలో కాకతీయుల హుకూమత్‌కు సముద్రపు దర్వాజా.

ఆ జమానాలో తుఫానుకు జహాజ్ పగిలి ఒడ్డుకు కొట్టుకొస్తే, అందులోని బంగారం, ఏనుగులు, గుర్రాలు, రత్నాలు అన్నీ ఆ తీరాన్ని ఏలే రాజులు లాగేసుకునేవారు. బతికి బయటపడ్డ తాజిర్‌కు మిగిలేది ప్రాణం ఒక్కటే. గణపతిదేవుడు 1244లో ఈ జుల్మ్‌ను ఆపాడు. నిర్ణయించిన సుంకం తప్ప ఇంకేమీ తీసుకోమని మోటుపల్లిలో రాతి మీద అభయం చెక్కించాడు. ఎగుమతి, దిగుమతి సరుకుల మీద ఆ సుంకం 30లో 1 వంతు. ప్రాణం కన్నా ధనమే విలువైనదనుకుని సముద్రానికి తెగించిన వాళ్ల మీద రహమ్‌తో ఇస్తున్నామని కూడా అందులో రాయించాడు.

ఇందులో రహమ్‌తో పాటు హిసాబ్ కూడా ఉంది. ఏతబార్ ఉన్న రేవులోనే ఎవరైనా లంగరు వేస్తారు. చందనం, కర్పూరం, పన్నీరు, దంతాలు, ముత్యాలు, పట్టు, మిరియాలు ఆ శాసనంలో ఎక్కిన సరుకులు.

మా ఇంట్లో అమానత్ అనే మాట వచ్చినప్పుడల్లా నాకు ఆ రాయే యాద్ వస్తుంది. తుఫానులో పడ్డవాడి మాల్ ఒడ్డున ఉన్నవాడికి హలాల్ కాదు.