పిన్న వయసు, ముదిమి వేషం: తత్సుయా నకదాయ్ సినిమా నటనలో రంగస్థలం పాలు

1962లో ‘హరాకిరి’ విడుదలయ్యేనాటికి తత్సుయా నకదాయ్‌కి ముప్పై నిండలేదు. ఆ సినిమాలో ఆయన వేసింది మనవణ్ణి కూడా ఎత్తుకున్న ఒక పేద సమురాయ్ వేషం. అల్లుడిగా నటించిన అకిరా ఇషిహామా ఆయనకంటే సుమారు రెండేళ్లే చిన్న. ఎదుట కూర్చుని సంజాయిషీ అడిగే సంస్థానపు పెద్దగా నటించిన రెంతారో మికుని దాదాపు పదేళ్లు పెద్ద. సినిమా చూస్తున్నంతసేపూ ఈ లెక్క మనకు తట్టదు. ఎందుకు తట్టదన్నదే ఈ వ్యాసానికి మూలమైన ప్రశ్న.

నకదాయ్ గురించి రాసినవారిలో ఎక్కువమంది ఆయన కళ్ల దగ్గరే ఆగిపోతారు. నిజమే, అంత పెద్ద కళ్లు తెరమీద కనపడితే వాటిని దాటి చూడటం కష్టం. కానీ కళ్లు పుట్టుకతో వచ్చినవి. వయసును ఒంటిమీదికి తెచ్చుకోవడం, గొంతును పాత్రకో స్థాయిలో నిలపడం నేర్చుకుంటే వచ్చినవి. మన అలంకారికుల మాటల్లో చెప్పాలంటే ఆయన బలం ఆంగికంలో కంటే వాచికంలో ఉంది. ఆ వాచికం నాటకశాలలో తయారైంది. యుద్ధానంతర జపాన్ సినిమా ఆయన్ను మలచిందనడం సగం నిజం. ఆయన సినిమాకు చుట్టపుచూపుగా వచ్చిపోయిన నాటకం మనిషి అనడం మిగతా సగం.

1932 డిసెంబరు 13న టోక్యోలో పుట్టారు. బస్సు డ్రైవరైన తండ్రి చిన్నతనంలోనే పోయాడు. బాంబు దాడుల టోక్యోలో బాల్యం గడిచింది. యుద్ధం ముగిసేసరికి పన్నెండేళ్లు. పై చదువుకు స్తోమత లేక, 1952లో హైయూజా నాటక సమాజం నడిపే శిక్షణాలయంలో చేరారు. ఆ సమాజానికి పెద్ద దిక్కు కొరెయా సెందా. జర్మనీలో కొన్నేళ్లుండి వచ్చి, బ్రెహ్ట్ నాటకాలను జపాన్‌లో పాదుకొల్పిన దర్శకుడు. కబుకీకి దూరంగా, యూరప్ నాటకం దారిలో మాట మీద ఆధారపడి పెరిగిన ‘షింగెకి’ సంప్రదాయం అది. కుర్ర విద్యార్థులే తండ్రులూ తాతలూ కావలసిన చోట వయసు వేయడం మొదటి పాఠాల్లో ఒకటవుతుంది. మన నాటక సమాజాల్లో పెరిగినవారికి ఈ సంగతి విడమరచి చెప్పనక్కర్లేదు.

సినిమాలోకి ఆయన మొదటి అడుగు అక్షరాలా అడుగే. ‘సెవెన్ సమురాయ్’ (1954)లో రైతులు సమురాయ్‌ల కోసం వీధిలో వెతుకుతుంటే దాటిపోయే వాళ్లలో ఒకడు. తెరమీద కొన్ని సెకన్లు. ఆ నడక దర్శకుడు కురొసావాకు నచ్చలేదు. నడుముకు కత్తి దోపుకున్నవాడు ఇలా నడవడని మళ్లీ మళ్లీ నడిపించారు, దాదాపు ఒక పూటంతా. ఆ అవమానం నకదాయ్ మనసులో చాలాకాలం ఉంది. ‘యొజింబో’కి పిలుపు వచ్చినప్పుడు మొదట కాదన్నారు కూడా. కురొసావా మాత్రం ఆ కుర్రవాణ్ణి మరిచిపోలేదు.

ఇక్కడ ఆనాటి పరిశ్రమ కట్టుబాటు ఒకటి చెప్పుకోవాలి. 1953లో షోచికు, తోహో, దాయెయి, షిన్‌తోహో, తోయెయి అనే ఐదు పెద్ద సంస్థలు ఒకరి నటులను ఒకరు లాక్కోకూడదని, అరువివ్వకూడదని ఒప్పందం చేసుకున్నాయి. తారలు ఒక్కో సంస్థకు కట్టుబడి ఉండేవారు. నటుడు మిఫునే అంటే తోహో. నకదాయ్ ఏ సంస్థతోనూ అలాంటి ఒప్పందం చేసుకోలేదు. ఏడాదిలో కొంతకాలం నాటకానికని కేటాయించుకోవడమే దానికి కారణం. ఫలితం ఆయన చిత్రాల జాబితాలోనే కనిపిస్తుంది: దాయెయిలో కొన్ ఇచికావా, తోహోలో మికియో నరూసే, కురొసావా, షోచికులో మసాకి కొబయాషి. నాటకం కోసం తారాపదవిని పక్కన పెట్టినందువల్లే ఇంతమంది గొప్ప దర్శకులు దొరకడం ఆయన జీవితంలోని వింత.

వీరందరిలో కొబయాషిది ప్రత్యేక స్థానం. మంచూరియాలో సైనికుడిగా పనిచేస్తూ పదోన్నతి వద్దని సామాన్య సిపాయిగానే మిగిలిన మనిషి ఆయన. ‘బ్లాక్ రివర్’ (1957)లో నకదాయ్‌ని జాలి లేని రౌడీగా చూపించి, వెంటనే ‘హ్యూమన్ కండిషన్’ (1959–61)లో మనస్సాక్షి చంపుకోలేని కాజిగా నిలబెట్టారు. జుంపెయి గొమికవా నవల ఆధారంగా మూడు చిత్రాలుగా వచ్చిన ఆ కథ నిడివి తొమ్మిదిన్నర గంటలు. గని కూలీలపై అధికారిగా మొదలై, సిపాయిగా, యుద్ధఖైదీగా మారి, చివరికి కాజి మంచులో ఒరిగిపోతాడు. కాజి పాత్రలో నాకు కొంచెం బిగువు ఎక్కువే అనిపిస్తుంది. మంచితనాన్ని ప్రతి సన్నివేశంలోనూ మోయవలసి రావడం నటుడికి భారమే.

ఆ బిగువు కొబయాషి ‘హరాకిరి’లో సడలింది. షినొబు హషిమొతో రచన. 1630లో ఎడో నగరంలోని యీ వంశపు భవనం. ఉపాధి పోయిన సమురాయ్ హన్షిరో వచ్చి, మీ ప్రాంగణంలో కడుపు చీల్చుకుని చస్తానంటాడు. తర్వాత చాలాసేపు అతను చాప మీద కూర్చుని కథ చెబుతాడు, అంతే. కదలడానికి వీల్లేదు, కత్తి దూయడానికి వీల్లేదు. నటుడికి మిగిలింది గొంతు, మెడ, చూపు. ఇక్కడే షింగెకి శిక్షణ పనికొచ్చింది. ప్రాంగణంలోని హన్షిరో గొంతు అడుగునుంచి వస్తుంది, తొందర లేదు, వాక్యం చివర ఊపిరి మిగిలే ఉంటుంది. గతాన్ని చూపే సన్నివేశాల్లో అదే మనిషి గొంతు పైస్థాయికి వెళ్తుంది, నవ్వు కలుస్తుంది, పసివాణ్ణి ఆడించేటప్పుడు కాస్త బేలగా కూడా ఉంటుంది. ఆహార్యం సాయం చేసింది, కాదనను. అయినా రెండు కాలాల మధ్య వయసును పెంచింది ముఖ్యంగా ఆ గొంతే. ఒకచోట అతను నవ్వుతాడు. తనకు తల తీసే సాయం చేయడానికి కోరిన ముగ్గురూ అదే రోజు జబ్బుపడ్డారని తెలిసినప్పుడు. ఆ నవ్వులో సంతోషం లేదు, ఎగతాళీ పూర్తిగా లేదు. అవతలివాడి పరువుకు వెల కట్టడం ఉంది. అల్లుడు వెదురు కత్తితో చచ్చిన చోటే ఆ నవ్వు వినిపిస్తుంది కాబట్టి చివరి పోరాటానికి ముందే తీర్పు వెలువడిపోతుంది. తెత్సురో తంబాతో ద్వంద్వయుద్ధంలో నిజమైన కత్తులే వాడారని నకదాయ్ తర్వాత చెప్పుకున్నారు. ఆ పోరుకంటే ఈ కూర్చోవడమే కష్టమైన పని అని నా అభిప్రాయం. 1963లో కాన్ ఉత్సవంలో చిత్రానికి జ్యూరీ ప్రత్యేక బహుమతి వచ్చింది.

అదే కాలంలో కురొసావా దగ్గర వరుసగా మూడేళ్లు మిఫునేకి ఎదుట నిలిచారు. ‘యొజింబో’ (1961)లో మెడకు గుడ్డ చుట్టి పిస్తోలు పట్టిన సొగసుగాడు, ‘సంజురో’ (1962)లో ఒక్క వేటుకు నెత్తురు చిమ్ముతూ కూలే హన్‌బెయి, ‘హై అండ్ లో’ (1963)లో మర్యాదస్తుడైన పోలీసు అధికారి. మూడింటా మిఫునే మిఫునేగానే గుర్తొస్తారు. నకదాయ్ మూడుసార్లూ వేరే మనిషి. తారకూ వేషధారికీ ఉన్న తేడా ఇదే కావచ్చు.

‘కగెముషా’ (1980) ఆయనకు వాటంగా దొరికిన అవకాశం కాదు. షింతారో కత్సు చిత్రీకరణ మొదట్లోనే తప్పుకోగా ఆ స్థానంలోకి వచ్చారు. ప్రభువు, అతని పోలికల దొంగ, రెండూ తానే. చిత్రానికి ‘ఆల్ దట్ జాజ్’తో కలిపి కాన్ అత్యున్నత బహుమతి దక్కినా, మొదట అనుకున్న నటుడి నీడ ఆ దొంగ పాత్ర మీద కొంత ఉండిపోయిందనిపిస్తుంది. ‘రాన్’ (1985)లో అలాంటి నీడ లేదు. ఏభై రెండేళ్ల మనిషి గంటలకొద్దీ రంగు వేయించుకుని నో నాటకపు ముసుగులాంటి ముఖంతో ముదుసలి హిదెతొరా అయ్యారు. ఫుజి పర్వతం వాలులో కట్టిన కోటకు నిజంగానే నిప్పు పెట్టారు. మండే కోట మెట్లు దిగే సన్నివేశం రెండోసారి తీయడానికి వీల్లేనిది. కాలు తడబడితే అంతా బూడిదే. నడక రాదని పూటంతా తిప్పించుకున్నవాడు, ముప్పై ఏళ్ల తర్వాత అదే దర్శకుడి కోసం ఆ మెట్లు దిగారు.

ఈ సినిమాల నడుమే, 1975లో, నకదాయ్ తన భార్య, రచయిత్రి, దర్శకురాలు అయిన యసుకో మియజకితో కలిసి ‘ముమెయ్‌జుకు’ స్థాపించారు. ‘పేరు లేనివారి బడి’ అని అర్థం. నకదాయ్ నాటకం చూసి ఆ బడిలో చేరిన ఒక కుర్రవాడు అప్పటికి టోక్యోలో వార్డు ఆఫీసు ఉద్యోగి. ఆఫీసు అనే అర్థం వచ్చేలా ‘యకుషో’ అని పేరు పెట్టింది గురువే. ఆ కోజి యకుషో 2023లో కాన్‌లో ఉత్తమ నటుడయ్యారు.

1995లో నోటో ద్వీపకల్పంలో ముమెయ్‌జుకుతో ముడిపడిన నాటకశాల ఒకటి వెలిసింది. రంగస్థలం వెనుక గోడ తెరుచుకుంటే అవతలి చెట్లు కనిపిస్తాయి. 2015లో ప్రభుత్వం సాంస్కృతిక పతకం ఇచ్చాక కూడా ఆయన విరమించుకోలేదు. 2025 నవంబరులో 92వ ఏట కన్నుమూశారు. అంతకు ఎనిమిదేళ్ల ముందు, 2017లో, నోటోలోని ఆ నాటకశాలలో బ్రెహ్ట్ ‘మదర్ కరేజ్’ ఆడినప్పుడు యుద్ధభూముల వెంట బండి లాగే ఆ తల్లి వేషం కట్టింది ఎనభై నాలుగేళ్ల నకదాయే.