పాణిగ్రాహి, సుబ్బారావు
శ్రీకాకుళ మండలమున, ఉద్దానపు కొబ్బరితోటల నడుమనున్న బొడ్డపాడు గ్రామమున ఆలయార్చకుడై జీవించుచు, జముకుల కథాగానముచే పరిసర పల్లెల యువజనమును ఆకట్టుకొని, స్వీయగేయ రచనచే ప్రసిద్ధి వహించిన విప్లవకవి. ఒకవైపు తోలు మూసి, దాని నడుమనుండి లాగిన తంత్రిని మీటినపుడు నాదమిచ్చు జముకు ఉత్తరాంధ్రమున జానపద కథాగానమునకు చిరకాలముగా ఆలంబనమై యుండగా, పాణిగ్రాహి ఆ ప్రాచీన ప్రక్రియయందు రైతుకూలీల, గిరిజనుల కష్టములను ఇతివృత్తముగా నిలిపెను. శ్రీకాకుళ గిరిజన రైతాంగ పోరాటమున అజ్ఞాతవాసమునకేగి, 1969 డిసెంబరులో రంగమటియా కొండలయందు సహోద్యమకారులగు పంచాది నిర్మల ప్రభృతులతో కూడ పోలీసు కాల్పులలో మరణించెను. 1970లో ఏర్పడిన విప్లవ రచయితల సంఘమునకును, తరువాత వెలసిన జననాట్యమండలికిని ఆయన గేయములు ప్రేరకములయ్యెను. జానపద బాణీని రాజకీయ గేయమునకు వాహకముగా మలచిన తెలుగు కవులలో ఆయన అగ్రగణ్యుడు.